సాగిన టేపు మీద ఒక వాదన

పోయిన నెల కార్లో వెళ్తుంటే నేను పెట్టిన పాట రెండు నిమిషాలు కూడా నడవకముందే మా ఫ్రెండు "ఆపెయ్ తల్లీ, క్యాసెట్టు సాగిపోయినట్టుంది, తల నొప్పెడుతోంది" అన్నాడు. ఆపేశా. నలుగురు కూర్చున్న కార్లో నలుగురికీ నచ్చేది పెట్టాలి, అందులో నాకేం పేచీ లేదు. కానీ ఆ మాట మాత్రం అప్పట్నుంచీ బుర్రలో తిరుగుతూనే ఉంది, ఎందుకంటే వాడు తెలియకుండానే ఉన్నదున్నట్టు చెప్పేశాడు. అది నిజంగానే సాగిపోయిన క్యాసెట్టు. మెక్సికోలో ఒక ఊళ్ళో కొండవాలు బస్తీల జనం ఏళ్ళ తరబడి ఆ సాగిన క్యాసెట్టుకే డాన్స్ చేశారు, ఆ ఊళ్ళోనే పుట్టిన ఒకావిడ దాన్ని ఇంకా సాగదీసి ఒక ఆల్బమ్ చేసింది, నేను పెట్టింది ఆ ఆల్బమే.

రెండు రోజుల తర్వాత ఇంకో ఫ్రెండుతో ఇదే మాట వచ్చింది. ఈయనకి సంగీతం బాగా తెలుసు, రికార్డులు కొంటాడు, నాకు చాలా పరిచయం చేసింది ఈయనే. ఆయన అన్నది వేరు: "పేదోళ్ళు డాన్స్ చేసుకునే పాటని తీసుకుని, దానికి కాళ్ళు విరగ్గొట్టి, మ్యూజియంలో పడుకోబెట్టడం ఇది. వినేవాళ్ళెవరూ ఆ బస్తీ వాళ్ళు కారు." మొదటి ఫ్రెండు మాటకి నాకేం అనిపించలేదు గానీ ఈ మాట మాత్రం గుచ్చుకుంది, ఎందుకంటే ఇందులో సగం నిజం ఉంది. ఆ సగం ఏదో, మిగతా సగం ఎందుకు తప్పో చెప్దామనే ఇదంతా రాస్తున్నా, కొంచెం పొడుగవుతుంది, ఓపిక పట్టండి.

ముందు ఆవిడ ఎవరో చెప్తా. పేరు డేలియా బేయాత్రీస్, సంగీతం మాత్రం డెబిట్ అన్న పేరుతో చేస్తుంది, అవును, మన డెబిట్ కార్డులో డెబిట్టే. పుట్టింది ఉత్తర మెక్సికోలో మోంటెర్రే, ఉండేది న్యూయార్క్. మెక్సికో సిటీలో 2010లో నాఫీ అని ఒక బృందం మొదలైంది, పార్టీలు పెట్టేవాళ్ళు, తర్వాత రికార్డులు విడుదల చేసే లేబుల్ అయింది, వాళ్ళు తమ సంగీతాన్ని "రిత్మోస్ పెరిఫేరికోస్" అనేవాళ్ళు, అంటే అంచుల్లో ఉండే లయలు, ఊరి నడిబొడ్డువి కాదు, శివార్లవి. డెబిట్ మొదట్లో రికార్డులు వేసింది వాళ్ళ దగ్గరే. తర్వాత ఇంగ్లండులో మాంచెస్టర్ నుంచి నడిచే మోడర్న్ లవ్ అనే చిన్న లేబుల్‌కి వచ్చింది. తెలుగువాళ్ళలో ఈవిడ పేరు విన్నవాళ్ళు నాకింతవరకు తగల్లేదు, మీకు తెలిసుంటే మాత్రం నాకు చాలా సంతోషం.

2025లో వచ్చిన ఆల్బమ్ పేరు దెసాసెలెరాదాస్. అంటే వేగం తగ్గించినవి. ఎవరు తగ్గించారు, ఎందుకు తగ్గించారు అన్నది తెలియాలంటే మోంటెర్రే వెళ్ళాలి.

మోంటెర్రే ఫ్యాక్టరీల ఊరు. ఫుందిదోరా అనే స్టీలు ఫ్యాక్టరీ అక్కడ 1900లో పెట్టారు, 1986లో మూతపడింది, ఇప్పుడది పెద్ద పార్కు, పాత కొలిమి అలాగే నిలబెట్టి ఉంచారు. ఊరి మధ్యలో సాంతా కతరీనా అనే ఏరు, ఏడాదిలో ఎక్కువ రోజులు ఎండిపోయే ఉంటుంది, కానీ తుఫాను వస్తే మాత్రం ఆపడం ఎవరి తరమూ కాదు, 1988లో గిల్బర్ట్ తుఫానుకి అలాగే వచ్చి బోలెడుమందిని పట్టుకుపోయింది. ఏటికి ఒక పక్క అసలు ఊరు, ఆఫీసులు. రెండో పక్క లోమా లార్గా కొండ, ఆ కొండకి ఆనుకుని కొలోనియా ఇందిపెందెన్సియా అనే బస్తీ. పని వెతుక్కుంటూ సాన్ లూయీస్ పొతొసీ లాంటి చోట్ల నుంచి వలసొచ్చిన జనం కట్టుకున్న ఇళ్ళు అవి, అందుకే ఆ బస్తీకి ఒకప్పుడు సాన్ లూయీసీతో అని పేరు.

ఈ బస్తీకి కొలంబియా పిచ్చి పట్టింది. ఇది నాకు ఎన్నిసార్లు చదివినా ఆశ్చర్యమే. కొలంబియా అక్కడికి వేల కిలోమీటర్ల దూరం, మధ్యలో ఎన్నో దేశాలు, వీళ్ళలో దాదాపు ఎవరూ అక్కడికి వెళ్ళినవాళ్ళు కాదు. కానీ 60ల నుంచీ కొలంబియా రికార్డులు ఒకటొకటిగా ఊళ్ళోకి రావడం మొదలైంది, కుంబియా పాటలు, వయ్యెనాతో పాటలు, తీరప్రాంతం పల్లెల్లోవి, ఆవుల గురించి, ఏటి గురించి, వదిలేసి వచ్చిన ఊరి గురించి. ఆ పాటల్లో ముందు వినపడేది అకార్డియన్. మోంటెర్రే జనానికి అకార్డియన్ కొత్తది కాదు, వాళ్ళ నోర్తెన్యో పాటలన్నీ, అంటే ఉత్తర మెక్సికో పాటలు, దాని మీదే నడుస్తాయి, కాబట్టి చెవికి చుట్టరికం కుదిరిపోయింది. వలసొచ్చినవాళ్ళకి ఊరు వదిలిన బాధ పాడే పాట దొరికితే అది ఎవరి ఊరో అడగరు కదా.

సరే, రికార్డులు వచ్చాయి, మరి జనానికి వినిపించేదెవరు? సోనిదేరోలు. ఈ మాటకి ఇంగ్లీషు వ్యాసాల్లో ఏవేవో వివరణలు ఇస్తారు గానీ మనకి ఒక్క ముక్కలో చెప్పొచ్చు: మైక్‌సెట్టాయన. సొంత ఆంప్లిఫయరు, సొంత బాక్సులు, సొంత రికార్డులు, పెళ్ళికీ పుట్టినరోజుకీ బస్తీ జాతరకీ పిలిస్తే బండిలో వేసుకొచ్చి వీధిలో సెట్ చేస్తాడు. మన మైక్‌సెట్టాయనకీ ఆయనకీ ఒకటే తేడా, సోనిదేరో పాట నడుస్తుండగానే మైకులో మాట్లాడతాడు, జనం చీటీలు రాసి ఇస్తే చదువుతాడు, ఫలానా వీధి ఫలానావాళ్ళకి, అమెరికా వెళ్ళిన తమ్ముడికి, అందరికీ నమస్కారాలు అని. ఆ రాత్రి రికార్డు చేసిన క్యాసెట్లు సరిహద్దు దాటి ఆ తమ్ముడి దాకా వెళ్ళేవి. గల్ఫ్ వెళ్ళినవాళ్ళు గొంతు రికార్డు చేసి ఇంటికి క్యాసెట్లు పంపుకున్న రోజులు చూసిన మనవాళ్ళకి ఇది ఎలాంటిదో ఒకరు చెప్పక్కర్లేదు.

మా మేనమామకి భీమవరం పక్కన మా ఊళ్ళో మైక్‌సెట్టు ఉండేది. అందుకే ఈ కథ నాకు ఇంత దగ్గరగా తగిలింది, ఆ మాట దాచను. చిన్నప్పుడు నేను ఆయన వెనకాలే తిరిగేదాన్ని. టేప్‌రికార్డరు మూత తీసి లోపల నల్ల రబ్బరు బెల్టు చూపించి "ఇది లూజయిందా, ఎంత గొప్ప గాయకుడైనా బర్రెలా అరుస్తాడు" అనేవాడు. సెల్స్ అయిపోతే అవే కాసేపు ఎండలో పెట్టి మళ్ళీ వేసేవాళ్ళం, ఒక రెండు పాటలు వచ్చేవి, మూడో పాట సగంలో గొంతు మెల్లగా నేల మీదకి దిగిపోయేది. ఆ దిగేటప్పుడు ఒక్క క్షణం ఉంటుంది చూడండి, పాట ఇంకా పాటలాగే ఉంటుంది కానీ ఎవరో పెద్దాయన దుఃఖంగా పాడుతున్నట్టు ఉంటుంది, ఆ క్షణం నాకు చిన్నప్పుడే ఇష్టం. ఎవరికీ చెప్పలేదు. చెప్తే సెల్స్ మార్చేస్తారు.

ఇప్పుడు అసలు సంఘటన. మోంటెర్రేలో గాబ్రియేల్ దుయేన్యెస్ అనే సోనిదేరో ఉన్నాడు, సోనిదో దుయేన్యెస్ అని ఆయన మైక్‌సెట్టు. ఒక ఫంక్షన్లో రాత్రంతా నడిచి నడిచి మెషిన్ మోటారు వేడెక్కి వేగం పడిపోయింది. కుంబియా ఈడ్చుకుంటూ, బరువుగా, గొంతులు లోతుగా రావడం మొదలైంది. మామూలుగా అయితే ఏం జరగాలి? జనం ఈలలు వెయ్యాలి, ఆయన కంగారుగా వైర్లు పీకాలి. అక్కడ జనం ఆగలేదు. ఆ వేగానికే అడుగులు వేస్తూ డాన్స్ చేస్తూ పోయారు, తర్వాత వచ్చి అలాగే మళ్ళీ వెయ్యమని అడిగారు. ఆయన అడిగినట్టే వేశాడు. కావాలని వేగం తగ్గించి క్యాసెట్లు రికార్డు చెయ్యడం మొదలుపెట్టాడు, 90ల్లో ఆ క్యాసెట్లు ఏటి మీద వంతెన దగ్గర సంతలో అమ్ముడుపోయేవి. ఆ వంతెనని అక్కడ పోపు వంతెన అంటారు, 1979లో పోపు రెండో జాన్ పాల్ మోంటెర్రే వచ్చినప్పుడు అక్కడి నుంచే జనంతో మాట్లాడాడు కాబట్టి. ఏటికి ఈవల ఊరికీ ఆవల బస్తీకీ మధ్య వంతెన మీద సాగిన క్యాసెట్ల అమ్మకం. ఈ సంగీతానికి పేరు కుంబియా రెబహాదా. రెబహాదా అంటే దించినది, తగ్గించినది అని.

ఇక్కడ కొంచెం లెక్క చెప్పనివ్వండి, ఇది అర్థమైతే మిగతాదంతా సులువు. క్యాసెట్టులో టేపు సెకనుకి 4.76 సెంటీమీటర్లు కదలాలి. మోటారు అలిసిపోయి అందులో 80 శాతమే కదిలిందనుకోండి, నిమిషానికి 100 దెబ్బలు పడే కుంబియా 80కి వస్తుంది. అంతటితో అయిపోలేదు, శ్రుతి కూడా దానితోపాటే పడిపోతుంది, దాదాపు నాలుగు స్వరస్థానాలు కిందికి, అంటే అంతర గాంధారంలో ఉన్న గొంతు వచ్చి షడ్జమంలో కూర్చుంటుంది. ఇప్పటి సాఫ్ట్‌వేర్లో అయితే శ్రుతి మారకుండా వేగం ఒక్కటే తగ్గించొచ్చు. టేపులో అలా కుదరదు, కాలం, శ్రుతి రెండూ ఒకే తాడుకి కట్టేసి ఉంటాయి. అందుకే రెబహాదాలో పాతికేళ్ళ కుర్రాడి గొంతు అరవై ఏళ్ళ ముసలాయన గొంతవుతుంది. చూడని ఊరి మీద బెంగ పాడే పాటకి ముసలాయన గొంతు తోడైతే, ఆ బెంగ నిజంగా అనుభవించినవాడు పాడుతున్నట్టే ఉంటుంది. జనం ఎందుకు ఆగలేదు అంటే నాకు తోచే జవాబు ఇదే.

కుంబియా నడక కూడా నిదానానికి అనువైనది. గ్వచరాకా అని ఒక వాయిద్యం ఉంటుంది, సన్నటి బొంగు లాంటి కర్ర మీద గాట్లు పెట్టి తీగల ఫోర్కుతో గీకుతారు, అది ఒక పొడుగు రెండు పొట్టి చొప్పున "తాఁ-కిట తాఁ-కిట" అని పాట పొడుగూతా నడుస్తుంది. మామూలు వేగంలో అది గలగలమంటూ వెనకాల ఉండిపోతుంది, చెవి పట్టించుకోదు. వేగం తగ్గితే మాత్రం ఒక్కో గీత విడిగా వినపడుతుంది, వంటింట్లో ఎవరో కోరాం మీద కొబ్బరి కోరుతున్నట్టు. వేగంలో దాక్కున్న పనంతా నిదానంలో బయటపడుతుంది.

ఇంచుమించు ఇదే కాలంలో సరిహద్దుకి అవతల టెక్సాస్, హ్యూస్టన్‌లో డీజే స్క్రూ అనే ఆయన ర్యాప్ పాటల్ని ఇలాగే కిందికి దించి క్యాసెట్లు అమ్మాడు. రెండు ఊళ్ళూ పెద్ద దూరం కాదు, రెండూ ఎండ మండిపోయే ఊళ్ళు. ఎవరు ముందు అన్న పోటీ నాకు అక్కర్లేదు.

ఈ పాటలతో మోంటెర్రేలో ఒక తరం కుర్రాళ్ళు తయారయ్యారు, చోలొంబియానోలు అంటారు, జెల్ పెట్టి చెంపల మీదకి అతికించిన పొడుగు జుట్టు, రెండు సైజులు పెద్ద చొక్కాలు, మెళ్ళో పేర్లు రాసుకున్న పెద్ద గుడ్డ బిళ్ళలు. గుండ్రంగా, మోకాళ్ళు వంచి, నేలకి దగ్గరగా తిరుగుతూ డాన్స్. 2010 దాటేసరికి ఆ ఊళ్ళో డ్రగ్స్ ముఠాల కొట్లాటలు పెరిగి వీధిలో నిలబడ్డమే భయమైపోయింది. ఆ జుట్టు కనపడితే చాలు పోలీసులు ఆపేవాళ్ళు. చాలామంది జుట్టు కత్తిరించేసుకున్నారు. వీధి పార్టీలు తగ్గిపోయాయి. ఈ విషయం గుర్తుపెట్టుకోండి, నా వాదన దీని మీదే ఆధారపడి ఉంది.

డెబిట్ నేరుగా ఈ టేపుల దగ్గరకి రాలేదు. మొదట ఆవిడ పట్టుకుంది త్రిబాల్‌ని. త్రిబాల్ గ్వారచేరో అని మోంటెర్రేని ఒక ఊపు ఊపిన ఇంకో సంగతి ఉంది, రెబహాదాకి పూర్తిగా రివర్సు, కాళ్ళు నేల మీద నిలబడవు. కంప్యూటర్ మీద టీనేజీ కుర్రాళ్ళు చేసిన సంగీతం, కింద నాలుగు దెబ్బల క్లబ్బు బీటు, పైన ఒక్కో దెబ్బకీ "తకిట తకిట తకిట తకిట" అని తిశ్ర నడక. త్రీబాల్ ఎంటీవై అనే ముగ్గురు కుర్రాళ్ళు దీంతోనే 2012లో లాటిన్ గ్రామీలో కొత్త కళాకారుల అవార్డు కొట్టారు. మతేవాలా అనే ఊళ్ళో అయితే ఈ డాన్సుకి మూరెడు పొడుగు ముక్కు ఉన్న బూట్లు వేసుకునేవాళ్ళు, ఫొటోలు వెతికి చూడండి, ఆ కుర్రాళ్ళ పట్టుదల చూస్తే ముచ్చటేస్తుంది. డెబిట్ 2019లో నాఫీ మీద వేసిన సిస్టమ్ అనే రికార్డులో ఈ త్రిబాల్‌ని తీసుకుని పైన మెరుపంతా ఒలిచేసింది, తకిట మాత్రం మిగిలింది, ఇనప సామాన్లు దొర్లుతున్నట్టు, చీకట్లో. అది ఇప్పటికీ డాన్స్ చెయ్యదగిన రికార్డే.

2022లో ద లాంగ్ కౌంట్ వచ్చింది. మెక్సికో జాతీయ విశ్వవిద్యాలయం వాళ్ళ దగ్గర దాచిన మాయా నాగరికత నాటి ఊదే వాయిద్యాల రికార్డింగులు తీసుకుని, మెషిన్ లెర్నింగ్‌తో వాటి శబ్దాన్ని పట్టి, కొత్త డిజిటల్ వాయిద్యాలుగా మార్చి చేసిన ఆల్బమ్. పేరు మాయా వాళ్ళ క్యాలెండర్‌ది, 2012లో యుగాంతం అని టీవీల్లో హడావుడి చేశారు గుర్తుందా, ఆ లెక్క ఈ క్యాలెండర్ నుంచి తీసిందే. అందులో బీటు ఉండదు, ఊపిరి ఉంటుంది. ఆ వాయిద్యాల మీద అప్పుడు ఏ పాట వాయించారో చెప్పేవాళ్ళు లేరు కాబట్టి ఆవిడ పాట కల్పించలేదు, శబ్దం దగ్గరే ఆగింది. అక్కడే నాకు ఈవిడ మీద గౌరవం కలిగింది.

ఆ తర్వాతే సొంత ఊరి టేపులకి వచ్చింది. దెసాసెలెరాదాస్‌కి ముడిసరుకు దుయేన్యెస్ చేసిన మొదటి రెండు రెబహాదా టేపులు. అప్పటికే సాగిన వాటిని ఆవిడ ఇంకా సాగదీసింది. నేను మొదటిసారి విన్నది రాత్రి పదకొండు దాటాక, హెడ్‌ఫోన్స్‌లో. మొదట్లో ఏం అర్థం కాలేదు, పొగమంచులో ఏదో పెద్దది కదులుతున్నట్టు ఉంది. కాసేపటికి చెవి అలవాటు పడింది. అకార్డియన్. అకార్డియన్, మన హార్మోనియం దగ్గర చుట్టాలు, రెండింట్లోనూ తిత్తిలోంచి వచ్చే గాలి లోహపు రేకుల్ని కదిలిస్తేనే స్వరం. మామూలుగా ఆ రేకు కదలిక మనకి వినపడదు, స్వరమే వినపడుతుంది. ఇక్కడ ఎంత సాగదీసిందంటే రేకు వణుకు వినపడుతుంది, ఒక్కో వణుకూ లెక్కపెట్టొచ్చు అనిపించేంత. పద్యనాటకంలో హార్మోనియం ఆయన రాగం ఎత్తుకునే ముందు శ్రుతి పట్టి కాసేపు అలా ఉంచుతాడు కదా, ఆ ఒక్క క్షణాన్ని నాలుగైదు నిమిషాలు చేసినట్టు. దాని అడుగున టేపు సొద, జల్లు పడుతున్నట్టు. ఎక్కడో దూరంగా, డోలు దెబ్బ ఉండాల్సిన చోట, ఒక మెత్తటి నీడ. కుంబియా నడక అక్కడ ఉంది, కాలు వెయ్యలేరు, కానీ ఉందని ఒంటికి తెలుస్తుంది.

ఇక రెండో ఫ్రెండు మాటకి వస్తా. డాన్స్ పాటకి కాళ్ళు విరగ్గొట్టారు అన్నాడు.

నిజమైన సగం ఒప్పుకుంటా ముందు. బస్తీ కుర్రాడు ఆ జుట్టుతో వీధిలో నిలబడితే పోలీసు ఆపాడు. అదే జుట్టుని విదేశీ మ్యాగజైన్లు ఫ్యాషన్ అని ఫొటోలు వేసుకున్నాయి. వంతెన మీద అమ్మిన క్యాసెట్టు చవక సరుకు, మాంచెస్టర్ నుంచి వచ్చిన వినైల్ రికార్డు ఖరీదైన వస్తువు, ఈ ఆల్బమ్ గురించి గొప్పగా రాసేవాళ్ళలో ఆ కొండ ఎక్కినవాళ్ళు ఎందరుంటారు? నేనూ ఎక్కలేదు. ఈ అన్యాయం ఈ ఒక్క ఆల్బమ్‌ది కాదు గానీ దీనికీ అంటుకుని ఉంది, కాదనను.

కానీ "కాళ్ళు విరగ్గొట్టడం" మాత్రం నేను ఒప్పుకోను. ఎందుకో చెప్తా. వీధి పాటని తీసుకుని బయట మార్కెట్‌లో అమ్మాలనుకునేవాళ్ళు సాధారణంగా చేసే పని ఒకటుంది, పాత పాటలోంచి ఒక ముక్క కత్తిరించి, దాని కింద బలమైన క్లబ్బు బీటు పెట్టి, వేగం 120కి పెంచి, పార్టీలో వదలడం. ప్రపంచంలో ప్రతి మూలా జానపదానికీ ఇదే జరిగింది, మన జానపదాలకీ జరిగింది, పెళ్ళి బారాత్‌ల్లో రోజూ వింటున్నాం. అది కలపడం. డెబిట్ ఏమీ కలపలేదు, తీసింది. బీటు పెట్టి అమ్ముకునే దారి తెలియక కాదు, సిస్టమ్ చేసిన మనిషికి బీటు పెట్టడం రాకపోవడం ఏంటి? తెలిసీ ఆ దారి పట్టలేదు. దుయేన్యెస్ వేలు ఏ దిక్కుకి తిరిగిందో అదే దిక్కుకి ఇంకాస్త వెళ్ళింది. వేగం తగ్గించడం ఆయన పని, ఆవిడ ఆ పనిని కొనసాగించింది. గురువు పాడిన రాగాన్నే శిష్యుడు ఇంకా విలంబంలో పాడితే రాగానికి కాళ్ళు విరగ్గొట్టాడంటామా?

ఇంకోటి. ఈ గొలుసులో "అసలు ఓనరు" అని ఎవర్ని చూపిస్తాం? పాటలు కట్టింది కొలంబియా తీరం వాళ్ళు, ఆ కుంబియాలో ఆఫ్రికా డోళ్ళున్నాయి, అక్కడి ఆదివాసుల పిల్లనగ్రోవులున్నాయి, స్పానిష్ మాటలున్నాయి, అకార్డియన్ జర్మనీ నుంచి ఓడల్లో వచ్చింది. రికార్డులు ఎవరెవరి సంచుల్లోనో మెక్సికో చేరాయి. దుయేన్యెస్ ఆ పాటలు రాయలేదు, పాడలేదు, ఎవరి అనుమతీ తీసుకోలేదు, వేగం మార్చి క్యాసెట్లు అమ్మాడు. అయినా రెబహాదా ఆయనది. ఎందుకంటే ఆయన చేసింది వినడం. పాడైపోయిన శబ్దంలో ఉన్నదేంటో ఆయనకీ ఆ రాత్రి అక్కడున్న జనానికీ వినపడింది, మిగతా ప్రపంచానికి రిపేరు చెయ్యాల్సిన మోటారు కనపడింది. మైక్‌సెట్టాయన్ని కళాకారుడు అని మనం ఎప్పుడైనా అన్నామా? డెబిట్ ఆల్బమ్‌లో నాకు అన్నిటికన్నా ముఖ్యం ఇదే, ఒక మైక్‌సెట్టాయన చేసిన రెండు టేపుల్ని, కూర్చుని చదవాల్సిన గ్రంథంలాగా ముందు పెట్టుకుంది. మాయా వాయిద్యాలకి ఏ మర్యాద ఇచ్చిందో సంతలో అమ్మిన క్యాసెట్టుకీ అదే మర్యాద ఇచ్చింది. ఆయన పేరు లేకుండా ఈ ఆల్బమ్ గురించి ఒక్క వాక్యం రాయడం కుదరదు, నేనూ రాయలేకపోయా చూడండి.

ఇక డాన్స్ ఎందుకు లేదు అంటే, డాన్స్ చేసిన వీధి అప్పటిలా లేదు కాబట్టి. పైన గుర్తుపెట్టుకోమన్నది ఇందుకే. ఆ కుర్రాళ్ళు జుట్టు కత్తిరించుకున్నారు, కొందరు సరిహద్దు దాటారు, కొందరు బతికి లేరు. ఇవాళ ఆ టేపుకి మళ్ళీ హుషారు బీటు పెడితే, అక్కడ ఏమీ జరగనట్టు, అందరూ ఇంకా అక్కడే తిరుగుతున్నట్టు చెప్పినట్టవుతుంది. డెబిట్ అలా చెప్పలేదు. మా మామయ్య పెళ్ళి అయిపోయాక, జనం వెళ్ళిపోయాక, తెల్లవారుజామున వైర్లు చుట్టుకుంటూ సౌండు బాగా తగ్గించి ఒకే ఒక్క పాట వేసుకునేవాడు, షామియానా సగం విప్పి ఉండేది, కుర్చీలు ఒకదాని మీద ఒకటి పేర్చి ఉండేవి, ఆ పాట ఎవరి కోసమూ కాదు. దెసాసెలెరాదాస్ ఆ టైములో నడిచే సంగీతం. రాత్రంతా ఇక్కడ డాన్స్ జరిగింది అన్నది అప్పుడే ఎక్కువ తెలుస్తుంది.

యూట్యూబ్‌లో మన తెలుగు పాటలకి కూడా స్లోడ్ అండ్ రివర్బ్ వెర్షన్లు, అంటే వేగం తగ్గించి ప్రతిధ్వని కలిపినవి, కుప్పలుగా ఉన్నాయి, మా అక్క కూతురు రాత్రిళ్ళు అవే వింటుంది, ఇంట్లో పెద్దవాళ్ళు "మంచి పాటని చెడగొట్టారు" అని విసుక్కుంటారు. అవన్నీ గొప్పవని నేను అనను, చాలావాటిల్లో ఒక బటన్ నొక్కడం తప్ప ఏం లేదు, రివర్బ్ పోసి తప్పులు కప్పేస్తారు. కానీ ఆ పిల్లకి కావాల్సింది ఏంటో నాకు తెలుసు. వేగంగా తీసిన పాటలో గాయకుడు ఊపిరి తీసుకునే చోటు దానికి వినాలనుంది. ఆ కోరికని చెడగొట్టడం అనకండి. మోంటెర్రేలో ఆ రాత్రి జనానికి కలిగింది కూడా ఇలాంటి కోరికే.

సంక్రాంతికి ఊరెళ్ళినప్పుడు మామయ్యకి ఇదంతా చెప్పా. మైక్‌సెట్టు అమ్మేసి చాలా ఏళ్ళయింది, ఒక ఆంప్లిఫయరు, రెండు బాక్సులు మాత్రం గదిలో ఓ మూల దుప్పటి కప్పి ఉంచుకున్నాడు. దుయేన్యెస్ మోటారు వేడెక్కిన కథ చెప్తుంటే మధ్యలో ఆపి "మెషిన్ ఏదంట?" అని అడిగాడు, "బెల్టుదా, డైరెక్టుదా?" అని కూడా అడిగాడు. ఫోనులో ఆల్బమ్ పెట్టబోతే "దాంట్లో ఏం వినపడుద్దే" అని లేచి, దుప్పటి తీసి, వైరు వెతికి, ఫోనుని ఆ ఆంప్లిఫయరుకే కలిపాడు. కాసేపు హమ్మింగ్ వచ్చింది. తర్వాత ఆ పొగమంచు శబ్దం గదంతా నిండింది, కిటికీ అద్దాలు సన్నగా అదిరాయి. అత్తయ్య వంటింట్లోంచి తొంగిచూసి వెళ్ళింది. మామయ్య కళ్ళు మూసుకుని ఒక పాట మొత్తం విన్నాడు, ఏమీ అనలేదు, రెండోది మొదలయ్యాక లేచి నాబ్ పట్టుకుని బేస్ కొంచెం తగ్గించాడు.

"ఆ హార్మోనియం పెట్టె ఏడుపుని కమ్మేస్తోందమ్మడూ ఈ బేస్," అన్నాడు. "ఇప్పుడు విను."